ఇంటికొక ఓటు కాదు, మనిషికొక ఓటు

మొన్నటి ఉగాది నాడు పంచాంగ శ్రవణం ముగిసి, భోజనాలు ఇంకా వడ్డించకముందు జరిగిన మన తెలుగు సంఘం సర్వసభ్య సమావేశంలో, కొత్త కార్యవర్గం ఎన్నికకు చీటీలు పంచుతున్న తమ్ముడి ముందు నేనూ చెయ్యి చాపాను. “వదినా, మీ ఇంటి ఓటు అన్నయ్య ఇందాకే వేసేశారు” అని ఎంతో మర్యాదగా చెప్పి అతను పక్క వరుసకు వెళ్లిపోయాడు. నియమావళి ప్రకారం అతను చెప్పింది సరైనదే. మనది కుటుంబ సభ్యత్వం, కుటుంబానికి ఒకటే ఓటు. దరఖాస్తులో మొదటి పేరు ఎవరిదైతే ఓటు వారిది, ఆ మొదటి పేరు దాదాపు ప్రతి ఇంటా భర్తదే. ఆ వెంటనే చదివిన జమాఖర్చుల్లో మగవారి క్రికెట్ పోటీలకు మైదానం అద్దె, అంపైర్ల రుసుము, రంగు చొక్కాలు, కప్పు అంటూ పద్దులు వరుసగా వచ్చాయి. ఆడవారి త్రోబాల్‌కు బంతుల ఖర్చు తప్ప మరేమీ లేదు. చీటీ అందకపోవడమూ, పద్దు లేకపోవడమూ వేరువేరు సంగతులు కావని నాకు అక్కడే తోచింది. అలా తోచడానికి కారణం ఇంగ్లండులోని లూయిస్ ఊరి ఫుట్‌బాల్ క్లబ్బు.

బ్రైటన్ నుంచి రైల్లో పావుగంట దూరంలో, సుమారు 17 వేల జనాభాతో ఉన్న ఊరు లూయిస్. 1264లో తిరుగుబాటు ప్రభువుల నాయకుడు సైమన్ డి మాంట్‌ఫర్ట్ మూడో హెన్రీ రాజును ఓడించింది ఇక్కడే. ‘కామన్ సెన్స్’ రచయిత థామస్ పెయిన్ అమెరికాకు వెళ్లకముందు, 1768 నుంచి 1774 వరకు, సుంకాల శాఖ ఉద్యోగిగా ఉన్నదీ ఇక్కడే. 1885లో ఇక్కడి రాయల్ ఓక్ పబ్బులో సమావేశమైన కొందరు స్థాపించిన క్లబ్బు, తొలినాళ్లలో రెండు సీజన్లు తప్ప ఆనాటి నుంచి డ్రిప్పింగ్ పాన్ అనే మైదానంలోనే ఆడుతోంది. స్టేషన్‌కు కూతవేటు దూరంలో, శిథిలమైన పాత మఠం పక్కన, చుట్టూ గట్లతో ఎండిన చెరువులా దిగి ఉండే నేల అది. ఇంగ్లండులో పై నాలుగు అంచెల్లోని 92 క్లబ్బులనే ‘లీగ్’ అంటారు, మిగిలినవన్నీ నాన్ లీగ్. లూయిస్ ఎప్పుడూ ఆ రెండో లోకానికి చెందినదే. 1920లో సస్సెక్స్ కౌంటీ లీగ్ పుట్టినప్పుడు అందులో చేరి, 1965లో ఎథీనియన్ లీగ్‌కూ, 1977లో ఇస్మియన్ లీగ్‌కూ మారి, నిదానంగా పైకెక్కింది.

2008లో తన విభాగంలో మొదటి స్థానం సాధించి, చరిత్రలో తొలిసారి ఐదో అంచెకు చేరింది. అంత ఎత్తులో నిలబడే డబ్బు లేక మరుసటి ఏడాదే కిందికి దిగింది. అప్పులు పెరిగి క్లబ్బు మూతపడే దశకు వచ్చినప్పుడు, 2010లో, దాని 125వ ఏట, ఊరి అభిమానులు కొందరు కలిసి దాన్ని చేతుల్లోకి తీసుకుని అందరి ఉమ్మడి ఆస్తిగా మార్చారు. ఏటా చిన్న రుసుము కట్టిన వారెవరైనా యజమానే. ఎంత ఎక్కువ ఇచ్చినా ఒక మనిషికి ఒకటే ఓటు. డైరెక్టర్లను ఎన్నుకునేది ఆ యజమానులే.

ఆ ఓట్ల నుంచి వచ్చిన పాలకవర్గమే 2017 జూలైలో పురుషుల జట్టుకూ, మహిళల జట్టుకూ సమానమైన బడ్జెట్ ప్రకటించింది. ఆటను వృత్తిగానో ఉపవృత్తిగానో నడిపే క్లబ్బుల్లో ప్రపంచంలో అంతకు ముందు ఎవరూ ఆ పని చేయలేదు. దాని విలువ తెలియాలంటే వెనక్కి వెళ్లాలి. 1920 డిసెంబరు 26న లివర్‌పూల్‌లోని గుడిసన్ పార్కులో డిక్ కెర్ అనే ఫ్యాక్టరీ మహిళల జట్టు ఆట చూడటానికి 53 వేల మంది వచ్చారు. ఏడాది తిరగకుండానే, 1921 డిసెంబరులో, ఈ ఆట ఆడవారికి తగినది కాదంటూ ఇంగ్లండులో ఈ ఆటను నడిపే ఫుట్‌బాల్ అసోసియేషన్ (ఎఫ్.ఎ.) తన పరిధిలోని మైదానాల్లో వారిని నిషేధించింది. ఆ నిషేధం దాదాపు 50 ఏళ్లు సాగింది. ఆడవారి ఆటకు జనం రారు కాబట్టి డబ్బు ఇవ్వలేమని నేడు చెప్పే పెద్దలు, వచ్చిన జనాన్ని ఒకనాడు గేటు మూసి పంపేశారని మరచిపోకూడదు.

మా ఆఫీసులో పదవీ విరమణకు దగ్గరపడిన ఒక సహోద్యోగిని ఆ క్లబ్బు యజమానుల్లో ఒకరు. ఆవిడ ఒక ఆదివారం నన్నూ మా అమ్మాయినీ మహిళల మ్యాచికి తీసుకెళ్లారు. రైల్లో ఆవిడా, ఆవిడ భర్తా డైరెక్టర్ల ఎన్నిక గురించి దారిపొడుగునా వాదించుకున్నారు. ఇద్దరికీ వేరువేరుగా ఓటు, ఇద్దరూ వేరువేరు అభ్యర్థులకు వేశారు, ఒకే డబ్బాలోని శాండ్‌విచ్‌లు పంచుకుంటూ ఒకరి ఎంపికను మరొకరు తప్పుపడుతున్నారు. ఆ దంపతుల మధ్య ఏ కొరతా నాకు కనబడలేదు. మైదానం గట్టు మీద సముద్రపు ఒడ్డున ఉండే చెక్క గదుల వంటివి వరుసగా కట్టారు. పెద్ద క్లబ్బుల్లో ధనికులకుండే అద్దాల గదులకు బదులు ఇక్కడ అవే. పిల్లలు, కుక్కలు, ముసలివాళ్లు, చిప్స్ పొట్లాలు, గోల్ వెనక నిలబడి పాడేవాళ్లు. మా అమ్మాయి రెండో సగం మొత్తం కంచెను పట్టుకుని నిలబడే చూసింది. సికింద్రాబాద్‌లో పుట్టి ఒలింపిక్స్‌లో ఆడిన తులసీదాస్ బలరామ్ గురించీ, 1956 మెల్‌బోర్న్‌లో మన జట్టును నాలుగో స్థానానికి చేర్చిన హైదరాబాదు కోచ్ రహీం సాబ్ గురించీ మా నాన్నగారు కథలు కథలుగా చెప్పేవారు. కథలు అందరికీ చెప్పేవారు, మైదానానికి మాత్రం తమ్ముణ్ణి ఒక్కణ్ణే తీసుకెళ్లేవారు. ఆయన ప్రేమకు లోటు లేదు. కానీ ఆ కంచె దగ్గర నిలబడే అదృష్టం నాకు మా అమ్మాయి వయసులో దక్కలేదు.

మన పద్ధతిని తేలిగ్గా తీసిపారేయడం నాకు ఇష్టం లేదు. ఇల్లు ఒక్కటిగా మాట్లాడాలన్న కోరికలో ఎంతో మంచి ఉంది. ఈ దేశానికి కొత్తగా వచ్చిన కుటుంబాలకు మన సంఘం అన్నం పెట్టింది, అద్దె ఇల్లు చూపించింది, కష్టం వస్తే ఆసుపత్రిలో రాత్రుళ్లు కూర్చుంది. మా ఊరి రామాలయంలో పంకా రెక్కల మీద సైతం దాతల పేర్లు రాసి ఉండేవి. ఇచ్చిన చేతిని తలచుకోవడం మంచి సంస్కారమే. కానీ ఆ రెక్కల మీద ఒక్క ఆడమనిషి పేరైనా చూసిన గుర్తు నాకు లేదు, ఆ డబ్బులో ఎంతమంది ఆడవాళ్లు దాచిపెట్టిన సొమ్ము ఉందో ఎవరూ అడగలేదు. మన సంఘం సంబరాలకు పులిహోర కలిపేది, పిల్లలకు కూచిపూడి నేర్పేది, ఆదివారం తెలుగు బడి నడిపేది ఎక్కువగా ఆడవాళ్లే. ఆ పని చేసేవారికి ఆ పనిని నడిపే నిర్ణయంలో చోటు లేకపోవడం నాకు సమ్మతం కాదు.

లూయిస్ కథ విజయాలతోనే ముగియలేదని మిత్రులు నాతో అన్నారు, అదీ నిజమే. 2023 మార్చిలో మహిళల ఎఫ్.ఎ. కప్ క్వార్టర్ ఫైనల్లో మహిళల జట్టు తమ ఊళ్లోనే మాంచెస్టర్ యునైటెడ్‌తో ఆడి 3-1తో ఓడింది. పెద్ద క్లబ్బుల డబ్బుతో పోటీ పడలేక 2024లో రెండో అంచె నుంచి దిగిపోయింది. అయితే జట్టు దిగినంత మాత్రాన సమాన బడ్జెట్ అన్న ఆలోచన తప్పు కాదు. గెలిస్తేనే సమానత్వం అని వారు ఏనాడూ షరతు పెట్టుకోలేదు, మనమూ పెట్టుకోనక్కరలేదు.

నేను కోరుతున్నది పెద్ద మార్పు కాదు. సభ్యత్వ రుసుము కుటుంబానికి ఒకటిగానే ఉండనివ్వండి. 18 ఏళ్లు నిండిన ప్రతి సభ్యుడికీ, సభ్యురాలికీ విడిగా ఓటు ఇవ్వండి. ఆటల పద్దును పురుషులకూ స్త్రీలకూ సగం సగం పంచండి, త్రోబాల్‌కే కాదు, ఫుట్‌బాల్ ఆడతామని వచ్చే అమ్మాయిలకు కూడా. సవరణ ముసాయిదా కార్యదర్శిగారికి పంపాను. దాన్ని సర్వసభ్య సమావేశంలో చర్చకు తీసుకోవాలంటే ఓటు హక్కున్న సభ్యుల సంతకాలు కావాలి, అంటే దరఖాస్తులో మొదటి పేరున్న అన్నయ్యల, తమ్ముళ్ల సంతకాలు. దీపావళి కార్యక్రమం నాడు తెలుగు బడి బల్ల దగ్గర ఆ కాగితంతో ఉంటాను. భోజనాల వరుసలోకి వెళ్లేముందు దయచేసి అక్కడ ఒక్క నిమిషం ఆగండి.