క్వెలాప్ గోడ వెనక నిలిచిన నీరు

పెరూ ఉత్తర భాగంలో, ఆండీస్ కొండలు అమెజాన్ అడవి వైపు దిగే చోట, దాదాపు 3,000 మీటర్ల ఎత్తున క్వెలాప్ ఉంది. ఇంకాల కంటే ముందే చాచపోయ జనం కట్టుకున్న కొండ ఊరు అది. ఇంకాలు కట్టిన పేరుమోసిన కొండ నగరం మాచు పిచ్చు కంటే వందల ఏళ్లు పాతది, పేరు మాత్రం అందులో పదో వంతు కూడా లేదు. ఆ లోటు తీర్చడానికి 2017లో కేబుల్ కారు పెట్టారు. గంటన్నర ఘాట్ రోడ్డు 20 నిమిషాల ప్రయాణంగా మారింది. 2022 ఏప్రిల్‌లో భారీ వానలకు దక్షిణం వైపు గోడలో కొంత భాగం కూలింది. సందర్శకులను ఆపేశారు. 2023లో మళ్లీ రానిచ్చారు, అదీ కొంత మేరకే.

కేబుల్ కారు వల్లే గోడ కూలిందని నేననడం లేదు. మరమ్మతులు అసలు జరగలేదనీ కాదు. జనాన్ని పైకి తెచ్చే పనిలో కనిపించిన ఊపు, గోడను నిలబెట్టే పనిలో కనిపించలేదనేదే నా అభ్యంతరం.

చూడ్డానికి అది కోట గోడలా ఉంటుంది. పొడవు సుమారు 600 మీటర్లు, కొన్నిచోట్ల ఎత్తు 20 మీటర్ల దాకా. నిజానికి అది మట్టినీ రాళ్లనూ ఆపి ఉంచే గోడ. ఆ మట్టి మీదే 400కు పైగా గుండ్రటి ఇళ్లు కట్టారు. ఇళ్ల మీద గడ్డి కప్పులున్నన్నాళ్లు చాలా నీరు చూరు నుంచే జారిపోయేది. కప్పులు పోయాక వానంతా నేరుగా లోపలికి ఇంకుతోంది. తడిసి బరువెక్కిన మట్టి గోడను బయటికి నెడుతుంది.

చూసుకునే మనుషులెందుకు లేకుండా పోయారు? 15వ శతాబ్దంలో ఇంకాలు ఈ ప్రాంతాన్ని గెలిచి, ఎన్నో కుటుంబాలను దూరాలకు తరలించారు. ఆ కోపంతో చాచపోయలు స్పెయిన్ వాళ్లతో చేతులు కలిపారు. ఆ స్నేహం కలిసిరాలేదు. కొత్త రోగాలు జనాన్ని ఊడ్చేశాయి, మిగిలినవాళ్లను 1570ల నాటికి కొత్త ఊళ్లలోకి దింపారు.

ఇదే ప్రాంతంలో 1990ల్లో కాండోర్ల సరస్సు పక్క కొండచరియ సమాధుల్లోని మమ్మీల మూటలను నిధి కోసం కొందరు కత్తులతో కోసేశారు. పరిశోధకులు 200కు పైగా మమ్మీలను కిందికి తెచ్చారు. వాటి కోసం లేమెబాంబలో 2000లో మ్యూజియం తెరిచారు. అక్కడ ముందు కాపాడారు, తర్వాత చూపించారు. క్వెలాప్‌లోనూ టికెట్ డబ్బులో కొంత వాటాను ఏటా నీరు బయటికి పోయే ఏర్పాట్లకే కేటాయించి, ఆ పని చుట్టుపక్కల ఊళ్లవాళ్లకు జీతమిచ్చి అప్పగించాలి. వానాకాలం మొదలయ్యే లోపు ఆ పని పూర్తికాని ఏడాది, కేబుల్ కార్లలో ఎక్కేవాళ్ల సంఖ్యను తగ్గించాలి.