ఆవిడ తెర మీదికి రాగానే కుక్కర్ కూత

పాత హాలీవుడ్ సినిమాల క్యారెక్టర్ నటి థెల్మా రిట్టర్ నటనను మొదటి నుంచి చివరి దాకా చూసినవారు మా ఇంట్లో లేరు. అందులో ఆవిడ తప్పేమీ లేదు. హీరోయిన్ అయితే రెండు గంటలూ తెర మీదే ఉంటుంది. మనం లేచి వెళ్లి పాలు తోడుపెట్టి వచ్చినా ఇంకా అక్కడే ఏడుస్తూ ఉంటుంది. క్యారెక్టర్ ఆర్టిస్టుకు అంత సావకాశం ఎక్కడిది? వస్తుంది, నాలుగు మాటలంటుంది, వెళ్లిపోతుంది. ఆ నాలుగు మాటలకే మా ఇంట్లో ముహూర్తం కుదరదు.

1947లో వచ్చిన ‘మిరకిల్ ఆన్ థర్టీఫోర్త్ స్ట్రీట్’ ఆవిడ మొదటి సినిమా. కొడుకు అడిగిన బొమ్మ ఫైరింజన్ ఏ దుకాణంలోనూ దొరక్క విసిగిపోయిన తల్లి వేషం. టైటిల్స్‌లో పేరు కూడా వేయలేదు. ఆవిడ నోరు విప్పడం, మా కుక్కర్ కూత వేయడం ఒకేసారి జరిగాయి. మూడో కూతకు ఆవిడ వెళ్లిపోయింది. వెనక్కి తిప్పి చూడవచ్చు కదా అంటారేమో! రిమోట్ మా అబ్బాయి చేతిలో ఉంటుంది. వాడికి ముందుకు తిప్పడమే తెలుసు.

‘ఆల్ అబౌట్ ఈవ్’లో బర్డీ అని, పెద్ద రంగస్థల నటి దగ్గర పనిచేసే మనిషి. వినయం ఒలకబోస్తూ ఇంట్లో చేరిన ఈవ్‌ను అందరికంటే ముందు అనుమానించేది ఆవిడే. మా అత్తగారికి ఈ బర్డీ బాగా నచ్చింది. తీరా చూస్తే సినిమా సగంలో ఆ పాత్ర మాయమైపోయింది.

“అమ్మాయీ, ఆ పనిమనిషి ఏమైంది?”

“తెలియదండీ, మళ్లీ కనిపించలేదు.”

“మాన్పించేశారా? జీతమైనా ఇచ్చి పంపారా?”

పద్నాలుగు ఆస్కార్ నామినేషన్లు పొందిన సినిమా అది. ఈ ప్రశ్నకు మాత్రం అందులో జవాబు లేదు.

‘పికప్ ఆన్ సౌత్ స్ట్రీట్’లో ఆవిడ టైలు అమ్ముతూ, పోలీసులకు దొంగల ఆచూకీ చెప్పి, తన అంత్యక్రియల కోసం డబ్బు కూడబెట్టుకునే ‘మో’ అనే మనిషి. ప్రాణం పోతుందని తెలిసీ ఒక మనిషి ఆచూకీ చెప్పని ఆ సన్నివేశం మీదే నేను ఆశలన్నీ పెట్టుకున్నాను. సరిగ్గా అప్పుడే గ్యాస్ సిలిండర్ వచ్చింది. ఓటీపీ వెతికి చెప్పి వచ్చేసరికి పాపం ఆవిడ పోయింది.

అన్నీ ఇలాగే జరిగాయనలేను. ‘రియర్ విండో’ను రాత్రి భోజనాల వేళ పెట్టారు మా వారు. అందులో ఆవిడ నర్సు. కాలు విరిగిన ఫొటోగ్రాఫర్ ఫలహారం చేస్తుండగా, ఎదురింటివాడు భార్యను ఎక్కడ ముక్కలు చేసి ఉంటాడా అని ఆలోచించి, స్నానాల తొట్టెలోనే అని తేలుస్తుంది. ఆ రోజు కుక్కర్ కూయలేదు, కరెంటు పోలేదు, గుమ్మంలోకి ఎవరూ రాలేదు. “ఏమంటోంది?” అని అత్తగారు అడగడం, మా వారు ఒక్క మాట వదలకుండా తెలుగులో చెప్పడం జరిగిపోయాయి. అత్తగారు కంచం పక్కకు జరిపేశారు. గుత్తి వంకాయ కూర మర్నాటి దాకా ఫ్రిజ్‌లో ఉంది.

ఆస్కార్ వారి తీరు మాకంటే మెరుగేమీ కాదు. 1950 నుంచి 1953 దాకా వరుసగా నాలుగేళ్ల సినిమాలకు సహాయనటిగా నామినేషన్, ఆ తర్వాత మరో రెండు. మొత్తం ఆరు, చేతికి వచ్చింది సున్నా. పైగా 1955లో హాస్యనటుడు బాబ్ హోప్ హాలీవుడ్ నుంచి, ఈవిడ న్యూయార్క్ నుంచి ఆ ఆస్కార్ సభను నడిపించారు. బహుమతి ఇవ్వరు కానీ, వచ్చినవారిని పలకరించే పని మాత్రం అప్పగిస్తారు! 1958లో అమెరికా నాటకరంగంవారి టోనీ అవార్డు దక్కిందని సంతోషిద్దామా అంటే, అదీ ఆవిడతో పాటు ఒకే నాటకంలో నటించిన గ్వెన్ వెర్డన్‌తో సమానంగా పంచారు.

ఆరో నామినేషన్ 1962 నాటి ‘బర్డ్‌మన్ ఆఫ్ అల్కట్రాజ్’కు. జైల్లో ఉన్న కొడుకు కోసం పోరాడి, కోడలు రాగానే అతనికే ఎదురు తిరిగే తల్లి. అత్తగారు సోఫా అంచుకు జరిగి, కదలకుండా చూశారు. ఆ ఏడు బహుమతి పదహారేళ్ల ప్యాటీ డ్యూక్‌కు వెళ్లిందని చెప్పాను.

“అన్యాయం! తల్లికి నచ్చని పిల్లను చేసుకుంటే ఏ తల్లయినా ఇలాగే చేస్తుంది. ఎంత సహజంగా చేసింది!” అంటూ మా వారి వైపు తిరిగారు.

ఆయన అప్పటికే గ్యాస్ కట్టేశామో లేదో చూసివస్తానని వంటింట్లోకి వెళ్లిపోయారు.