మామిడి కొట్టేసి ద్రాక్ష పెట్టమంటున్న వాళ్లకు

ఈ నెలలో ఆ మెసేజ్ నాకు పదకొండు సార్లు వచ్చింది. స్కూలు స్నేహితుల గ్రూపులో వచ్చింది, అపార్ట్‌మెంట్ గ్రూపులో వచ్చింది, చివరికి శనివారాలు అలిపిరి మెట్లెక్కే మా బ్యాచ్ గ్రూపులో కూడా వచ్చింది. పైన గోవింద నామాలు, కింద వైన్ వ్యాపారం. పంపినాయన చదివి పంపాడా, చూడకుండా నొక్కేశాడా అనేది ఆ స్వామికే తెలియాలి.

చూడనివాళ్ల కోసం క్లుప్తంగా చెబుతాను. "ఫ్రాన్స్ రైతు కోటీశ్వరుడు, చిత్తూరు రైతు అప్పులపాలు. ఎందుకు?" అని హెడ్డింగు. ఫ్రాన్స్ ఆదాయంలో సగం వైన్‌దేనట. అక్కడ ద్రాక్ష రైతులంతా కోటల్లాంటి ఇళ్లలో ఉంటారట. వైన్ పాతబడే కొద్దీ రేటు పెరుగుతుందట, కాబట్టి నష్టమనే మాటే లేదట. రోజూ ఒక గ్లాసు తాగితే గుండెజబ్బు దగ్గరికి రాదట. మన ఎర్రనేల, ఫ్రాన్స్ నేల ఒకటేనట. జిల్లాలో తోతాపురి మరీ ఎక్కువైపోయిందట. అందుకని తోతాపురి చెట్లు కొట్టేసి వైన్ ద్రాక్ష పెడితే ఎకరాకు ఏడాదికి పది లక్షలట. అడుగున ఒక ఫోన్ నంబరు. మొక్కలకు ముందుగా అడ్వాన్స్ కట్టాలి.

పది సార్లు ఊరుకున్నాను. పదకొండోసారి బంగారుపాళ్యం దగ్గర్నుంచి మా మామ ఫోన్ చేశాడు. "ఏమిరా, నువ్వు ఫారిన్‌కు డ్రమ్ములు పంపేవాడివి కదా, ఈ ఫ్రాన్స్ కథ నిజమేనా? రంపం ఆయప్పను ఎల్లుండి రమ్మన్నా" అన్నాడు. మామకు నాలుగెకరాల తోతాపురి ఉంది. మా తాత నాటిన చెట్లు. ఆ రంపం మాటతో నాకు నిద్ర పట్టలేదు. అందుకే ఇది రాస్తున్నాను.

నేను మామిడి పల్ప్ ఎగుమతి కాగితాల పని చేస్తాను. వైన్ తాగను. కానీ పండును రసం చేసి, డబ్బాకెక్కించి, ఓడలో పంపి, డబ్బులు ఎప్పుడొస్తాయా అని చూసే వ్యాపారం ఎట్లా ఉంటుందో పద్దెనిమిదేళ్లుగా చూస్తున్నాను.

ముందు చిల్లరవి తేల్చేద్దాం. గుండెకు మంచిదన్న మాట: ప్రపంచ ఆరోగ్య సంస్థ 2023 జనవరిలో స్పష్టంగానే చెప్పింది, మద్యంలో ఇంతవరకు తాగితే హాని లేదు అనే కొలత ఏదీ లేదని. ఇక దానిమీద చర్చ లేదు.

ఫ్రాన్స్ ఆదాయంలో సగం అన్న మాట: 2022లో ఫ్రాన్స్ వైన్, బ్రాందీ లాంటివన్నీ కలిపి ఎగుమతి చేసింది దాదాపు 1,700 కోట్ల యూరోలది. వినడానికి పెద్దదే. ఆ దేశ ఆర్థిక వ్యవస్థ ఆ ఏడాది రెండున్నర లక్షల కోట్ల యూరోల పైమాటే. అంటే నూటికి ఒకటి కూడా కాదు. విదేశీ డబ్బు తెచ్చే సరుకుల్లో విమానాలు, సెంట్లు, క్రీముల వరసలో వైన్ నిలబడుతుంది, అంతవరకు ఒప్పుకుంటాను. సగం మాత్రం రాసినాయన కడుపులోంచి పుట్టిన లెక్క.

పాతబడితే రేటు పెరుగుతుందన్నది కాస్త తమాషా. ఏళ్లు దాచి తాగే వైన్ చాలా కొద్ది. అంగళ్లలో అమ్మే సీసాల్లో ఎక్కువ భాగం రెండు మూడేళ్లలో తాగేయాల్సినవే. మా పల్ప్ డ్రమ్ములకూ ఎక్స్‌పైరీ ఉంటుంది, పాతది కదా అని ఎవరూ ఎక్కువ ఇవ్వరు, ఉన్న రేటులోనే కోత పెడతారు. పాతబడితే బంగారమయ్యేదైతే, 2023లో ఫ్రాన్స్ ప్రభుత్వం 20 కోట్ల యూరోల ఖర్చుతో అమ్ముడుపోని వైన్‌ను కొనిపించి, కాచి, స్పిరిట్ తీయించడం ఎందుకు? ఆ స్పిరిట్ శానిటైజర్లకు, సెంట్లకు పోయింది. పాపం, వాళ్లకు ఈ మెసేజ్ అందినట్టు లేదు.

ఇక కోటీశ్వరుల సంగతి. మెసేజ్‌లో ఫోటో ఒకటుంది: కోట, దాని ముందు వరసలు వరసలుగా ద్రాక్ష. అట్లాంటి వాళ్లు లేకపోలేదు. షాంపేన్ ప్రాంతంలో ఒక హెక్టారు తోట పది లక్షల యూరోలు దాటుతుంది. అక్కడ తోట ఉన్నవాడు నిజంగానే కలవాడు. కానీ తిరుమలలో కొట్టు ఉన్నాయన ఆదాయం చూసి రాయలసీమలో అంగడి పెట్టిన ప్రతివాడూ ధనవంతుడే అంటామా?

ఫ్రాన్స్‌లోనే బోర్డో అనే ప్రాంతం సంగతి చూడండి. ప్రపంచంలో వైన్ అనగానే ముందు గుర్తొచ్చే పేరు. 2023లో అక్కడ వేల హెక్టార్ల తోటలు పీకేయడానికి పథకం పెట్టారు, హెక్టారుకు 6,000 యూరోలు. మన డబ్బుల్లో ఐదు లక్షలకు పైనే. బాగోగులు చూడని తోటల్లోంచి తెగులు పక్క తోటలకు పాకకుండా అని కాగితం మీద రాసుకున్నారు. అసలు కారణం ఊరందరికీ తెలుసు, సరుకు పోవడం లేదు. అది చాలక 2024లో దేశం మొత్తానికి ఇంకో పథకం తెచ్చారు, 12 కోట్ల యూరోలు, హెక్టారుకు 4,000 చొప్పున 30,000 హెక్టార్ల వరకు.

ఎందుకట్లా అయింది? 1960ల్లో ఫ్రెంచివాళ్లు తలకు ఏడాదికి వంద లీటర్ల పైనే వైన్ తాగేవాళ్లు. ఇప్పుడు అందులో సగం కూడా లేదు. కుర్రకారు బీరుకు మళ్లారు, కొందరు అసలు మానేశారు. ముఖ్యంగా ఎర్ర వైన్‌కు గిరాకీ పడిపోయింది, బోర్డోలో పండేది ఎక్కువగా అదే. చైనావాళ్లు బాగా కొంటున్నారని వాళ్లను నమ్ముకుని తోటలు పెంచారు. చైనావాళ్లు తగ్గించేశారు. 2019లో విమాన కంపెనీల సబ్సిడీల మీద యూరప్‌తో గొడవ వచ్చి అమెరికా ఫ్రెంచి వైన్ మీద 25 శాతం సుంకం వేసింది. విమానాల గొడవలో ద్రాక్ష రైతు దెబ్బతినడం చూశారా! ఇది కొత్తగా వచ్చిన కష్టమూ కాదు. 1907లో ఫ్రాన్స్ దక్షిణాన ధరలు పడిపోయి ద్రాక్ష రైతులు లక్షల్లో రోడ్డెక్కితే, నార్బోన్ ఊళ్లో సైన్యం కాల్పులు జరిపింది, మనుషులు చనిపోయారు.

ఇదంతా చదువుతుంటే నాకు మా ఫ్యాక్టరీ గేటు గుర్తొస్తుంది. 2025 జూన్‌లో చిత్తూరు, బంగారుపాళ్యం రోడ్ల మీద ట్రాక్టర్లు ఎట్లా నిలబడ్డాయో తిరుపతిలో ఉన్నవాళ్లు కూడా చూసే ఉంటారు. మామ ట్రాక్టరు మీదే రెండు రాత్రులు పడుకున్నాడు. రెండో రోజుకు కింది వరస కాయ మెత్తబడి రసం కారి, ట్రాలీ కింద ఈగలు ముసిరాయి. ఫ్యాక్టరీలు 8 రూపాయలు, ప్రభుత్వం 4 రూపాయలు, కిలోకు 12 అని ప్రకటించారు. ఆ 8 చేతికి రావడం ఎంత కష్టమైందో అడగాలంటే మామనే అడగండి. లోపల గోడౌన్‌లో ముందటేడు పల్ప్ డ్రమ్ములు కదలకుండా కూర్చుని ఉన్నాయి. కాయ బయట, డ్రమ్ము లోపల, మధ్యలో గేటు. బోర్డోలో కాయ బదులు ద్రాక్ష, డ్రమ్ము బదులు పీపా. అంతే తేడా.

అన్నట్టు ఒక్క తేడా ఉంది. అక్కడ పీకినందుకు ప్రభుత్వం రైతుకు డబ్బులిస్తుంది. ఇక్కడ పీకేసేదానికి మనమే ఎవడికో అడ్వాన్స్ కట్టాలట.

సరే, ఇప్పుడు అసలు విషయానికి వద్దాం. నేల ఒకటేనా? నేలతో నాకు తగువు లేదు. ఘాట్ ఎక్కి అటు దిగితే కోలారు, చిక్‌బళ్లాపూర్ వైపు ద్రాక్ష తోటలు కనబడుతూనే ఉంటాయి. కానీ అక్కడ తరతరాలుగా నిలిచింది బెంగళూరు బ్లూ, ఆ వాతావరణానికి అలవాటుపడిన రకం. మెసేజ్‌లో రాసింది అది కాదు, కాబెర్నే, షిరాజ్ అనే వైన్ రకాలు. మబ్బు పడితే చాలు, వాటికి మందు కొట్టాలి.

ఫ్రాన్స్‌లో చలికాలం తీగ నిద్రపోతుంది, వసంతంలో చిగురిస్తుంది, సెప్టెంబరులో కోత. మన ఎండకు తీగ నిద్రపోదు. అందుకని ఏడాదికి రెండు కత్తిరింపులు, ఏప్రిల్‌లో ఒకటి, అక్టోబరు ప్రాంతంలో పంట కోసం ఇంకొకటి. మహారాష్ట్రలోని నాసిక్‌లో చేసేది ఇదే. అక్టోబరులో కత్తిరిస్తే నవంబరులో లేత ఆకు, పూత. ఇప్పుడు చెప్పండి, చిత్తూరు జిల్లాలో నవంబరు అంటే ఏమిటి? నాసిక్‌కు అప్పటికి వానలు వెళ్లిపోయి ఉంటాయి. మనకు ఈశాన్య రుతుపవనాలు అప్పుడే దిగుతాయి. 2021 నవంబరులో స్వర్ణముఖి ఎట్లా పొంగిందో, తిరుపతి వీధుల్లో ఏం తేలిందో మర్చిపోయారా? ఆ వానలో లేత ద్రాక్ష ఆకు వెనక తెల్లగా బూజు పడితే వారంలో పూత మొత్తం పోతుంది. తోతాపురి చెట్టయితే ఆ వానంతా తాగి, జనవరిలో ఏమీ ఎరగనట్టు పూత పూస్తుంది.

పది లక్షల లెక్క కూడా వేద్దాం. ఎకరాకు అయిదు టన్నులు అనుకుందాం. పది లక్షలు రావాలంటే కిలో 200 రూపాయలు. ఒక సీసా వైన్‌కు కిలో పైచిలుకు ద్రాక్ష కావాలి. సీసాలోకి ద్రాక్షకే రెండు వందలు పెట్టి, ఆపైన సీసా, బిరడా, కూలి, ఎక్సైజ్ పన్ను కలిపి ఎంతకు అమ్మాలి, ఎవరు కొనాలి? మన దేశంలో తలకు ఏడాదికి ఒక గ్లాసు వైన్ కూడా రాదు. మన ఊళ్లో వైన్స్ అని బోర్డున్న షాపులో వైన్ అడిగి చూడండి. క్వార్టర్ బ్రాందీ కోసం వచ్చినవాళ్లంతా వెనక్కి తిరిగి మీ మొహం చూస్తారు.

మనమే తయారు చేసి అమ్ముకోవచ్చని మెసేజ్ చివర ఇంకో మాట. అమ్ముకోండి. లైసెన్స్ లేకుండా మొదటి పీపా మూత తీసే లోపలే ఎక్సైజ్ వాళ్లు వచ్చి కూర్చుంటారు. మద్యం జీఎస్టీ కింద లేదు, రాష్ట్రం చేతిలో ఉంది. హోల్‌సేల్ మొత్తం ప్రభుత్వ బెవరేజెస్ కార్పొరేషన్‌ది.

నాసిక్ వాళ్లు బాగుపడలేదా అంటారు. కొందరు బాగుపడ్డారు. మహారాష్ట్ర 2001లో వైన్ విధానం తెచ్చి వెనక నిలబడింది, ముంబై, పుణె పక్కనే ఉన్నాయి. అయినా 2008లో ప్రపంచ మాంద్యం, ముంబై దాడులు వచ్చి హోటళ్లు ఖాళీ అయ్యేసరికి వైనరీలు కొనలేకపోయాయి. చాలామంది రైతులు వైన్ ద్రాక్ష పీకేసి మళ్లీ తినే ద్రాక్షకు మారారు. వైన్ ద్రాక్షలో గింజ పెద్దది, తోలు మందం. వైనరీ వద్దంటే బండి మీద పెట్టి అమ్ముకునే వీలు కూడా లేదు. తోతాపురి కనీసం ఊరగాయకైనా పోతుంది.

ఆ నంబరుకు నేనే ఫోన్ చేశాను. రైతునని చెప్పాను. ఏ రకం మొక్క అంటే "బ్లాక్ గ్రేప్ సార్, ఫ్రాన్స్‌ది" అన్నాడు. అంటు ఏ వేరుమీద కట్టారు, డాగ్‌రిడ్జ్ రకమా, 110-ఆర్ రకమా అన్నాను. కాసేపు మాట లేదు. "వేరు కూడా ఫ్రాన్స్‌దే సార్, ఒరిజినల్." పంతొమ్మిదో శతాబ్దంలో ఫిల్లాక్సెరా పురుగు ఫ్రాన్స్ తోటల్ని వేళ్లతో సహా తినేశాక, అక్కడివాళ్లే అమెరికా వేరు మీద అంటు కట్టుకుని బతికి బట్టకట్టారు. ఈయన దగ్గర మాత్రం ఒరిజినల్ ఉంది! పంట ఎవరు కొంటారు, రాతపూర్వకంగా ఇస్తారా అన్నాను. "ముందు అడ్వాన్స్ వేయండి సార్, అగ్రిమెంట్ వాట్సాప్‌లో వస్తుంది."

ఇన్ని మాటలన్నాను కదా, ఆ మెసేజ్‌లో ఒక్క మాట నిజం. తోతాపురి మనం మరీ ఎక్కువ పెట్టుకున్నాం. జిల్లా మొత్తం ఒకే కాయ, ఒకే నెల, కొనేది ఆ కొన్ని ఫ్యాక్టరీలు. కొన్ని చెట్లు తీసేసి వేరే రకం అంటు కట్టుకోవాలని నేను కూడా మామకు చెప్పాను. ఫ్రాన్స్ నుంచి తెచ్చుకోవాల్సింది ఏదైనా ఉంటే అది మొక్క కాదు. అక్కడి వైన్‌లో సగానికి దగ్గరగా రైతుల సహకార సంఘాల్లోనే తయారవుతుంది, అంటే గేటు లోపల కూడా రైతే ఉంటాడు. మా జిల్లాలో సహకారం అంటే జనానికి మూతబడిన డెయిరీ, మూతబడిన చక్కెర ఫ్యాక్టరీ గుర్తొస్తాయి. పైగా ఈ మాట రాస్తున్న నేను గేటు లోపలివైపు జీతం తీసుకునేవాణ్ని. మామ ఆ మాట నా మొహాన్నే అన్నాడు, నేను ఏమీ అనలేదు.

రంపం ఆయప్పను మాత్రం వద్దన్నాడు. అన్ని గ్రూపుల్లోనూ ఒక ప్రశ్న పెట్టాను: అడ్వాన్స్ కట్టినవాళ్లు ఎవరైనా ఉంటే రసీదు ఫోటో పంపండి అని. ఇప్పటికి ఇద్దరు పంపారు. రెండింట్లోనూ కంపెనీ పేరు ఉండాల్సిన చోట అదే ఫోన్ నంబరు ఉంది.