తేజీ అంటే అరబ్బీ గుర్రం

మన పాత కావ్యాల్లో గుర్రానికి తేజీ అనే పేరు కనిపిస్తుంది. దాని గురించి ఎవరిని కదిపినా ఒకటే జవాబు: తేజస్సు కలది కాబట్టి తేజీ అట! వినడానికి బాగుందని ఆ మాటనే పిల్లలకు కూడా చెబుతున్నారు. నాకు మాత్రం ఊరుకోబుద్ధి కావడం లేదు.

పారశీకులు అరబ్బులను తాజీలు అనేవారు. ఆ పేరు మనవాళ్లకూ కొత్తది కాదు. క్రీ.శ. 739 నాటి, గుజరాత్‌లోని నవసారి తామ్రశాసనం, దండెత్తి వచ్చిన అరబ్బు సైన్యాన్ని తాజికులు అంటుంది. జ్యోతిషంలో వర్షఫలం చూసే తాజిక పద్ధతికీ ఆ పేరు అలాగే వచ్చింది. ఉర్దూలో తాజీ అంటే అరబ్బీ గుర్రం. కన్నడంలో తేజి, తమిళంలో తేసి. తెలుగులో ‘తా’ కాస్తా ‘తే’ కావడానికి తేజస్సు అనే మాట తోడ్పడి ఉండొచ్చని నా ఉద్దేశం. అంతమాత్రాన దాని పుట్టిల్లు మారిపోదు కదా!

అసలు గుర్రాన్ని అది పుట్టిన సీమ పేరుతో పిలవడం మనకు ఎప్పటినుంచో ఉంది. సింధుదేశపు గుర్రం సైంధవం. అమరకోశమైతే వనాయుజం, పారసీకం, కాంభోజం, బాహ్లికం అని వరసపెట్టి చెబుతుంది. వీటికి లేని బిడియం ఒక్క తేజీ దగ్గర ఎందుకు?

దక్కన్ వాతావరణం, ఇక్కడి మేత మేలుజాతి యుద్ధాశ్వాల పెంపకానికి అంతగా కలిసిరావు. అందుకే రాజులు ఓడల కోసం ఎదురుచూసేవారు. విజయనగర రాజు పారశీక సింధుశాఖ దగ్గరి హొర్ముజ్ రేవు నుంచి వచ్చే గుర్రాలు, నాటు గుర్రాలు కలిపి ఏటా 13,000 కొంటాడని పోర్చుగీసు యాత్రికుడు న్యూనిజ్ రాశాడు. ఆముక్తమాల్యదలో రాయలవారు ఇంకా సూటిగా చెప్పారు: రేవులు బాగుచేయాలి, ఏనుగులు, గుర్రాలు తెచ్చే దూరదేశపు వర్తకులకు ఊళ్లు, నగరంలో ఇళ్లు ఇచ్చి దగ్గర చేసుకోవాలి, ఆ సరుకు శత్రువుకు చేరకూడదు. హంపీలో హజారరామాలయం ప్రాకారం మీద గుర్రాలను నడిపించుకుంటూ వచ్చే పరదేశీయుల్ని ఇప్పటికీ చూడొచ్చు. వాళ్లను గుడి గోడ మీద చెక్కుకోవడానికి సిగ్గుపడని జాతి మనది. మాటలో వాళ్ల పేరు ఉంటే మనకు వచ్చే చిన్నతనం ఏమిటి?

సంస్కృతం మీద నాకు ఎంతో గౌరవం. కానీ ప్రతి మాటకూ ఓ సంస్కృత ధాతువు అతికిస్తే, ఆ మాట వెనకున్న ఓడలూ రేవులూ బేరాలూ అన్నీ చెరిగిపోతాయి. పద్యాలకు టీకా రాసేవాళ్లను కోరేది ఒక్కటే. తేజీ ఎదురైనప్పుడు ‘గుర్రము’ అని వదిలేయకండి, ‘అరబ్బీ గుర్రం’ అని రాయండి.