స్పుత్నిక్‌లో కెమెరా లేదు, అది రహస్యమూ కాదు

వాట్సాప్‌లో మళ్లీ మళ్లీ తిరిగే సందేశం ఇది: "1957లో రష్యా గుట్టుచప్పుడు కాకుండా స్పుత్నిక్ అనే గూఢచారి ఉపగ్రహాన్ని వదిలింది. జనం ఆ బంతిని కళ్లారా చూశారు. అప్పటికి అమెరికా దగ్గర అంత ఎత్తుకెళ్లే రాకెట్టే లేదు."

గుట్టు సంగతి ముందు. ఉపగ్రహం పంపుతామని అమెరికా 1955 జులై 29న ప్రకటించింది. నాలుగు రోజులకే సోవియట్లు మేమూ పంపుతామన్నారు. 1957 వేసవిలో వాళ్ల 'రేడియో' పత్రిక సిగ్నల్ ఏ ఫ్రీక్వెన్సీల్లో వస్తుందో కూడా అచ్చేసింది. దాచింది తేదీని, రాకెట్ వివరాలని, దాని రూపకర్త కొరొల్యోవ్ పేరుని.

ఇక గూఢచర్యం. స్పుత్నిక్ 58 సెం.మీ. గోళం, బరువు 83.6 కిలోలు. అందులో 51 కిలోలు బ్యాటరీలదే! మిగతాది పెంకు, యాంటెనాలు, ఒక వాట్ ట్రాన్స్‌మిటర్, ఫ్యాన్, కొన్ని స్విచ్‌లు. లోపల నైట్రోజన్ నింపారు. వేడి 36 డిగ్రీలు దాటితే ఫ్యాన్ తిరిగి ఆ వాయువును పెంకు వైపు తోసి చల్లబరిచేది. వేడి 50 డిగ్రీలు దాటినా, సున్నాకి దిగినా, చిల్లు పడి పీడనం తగ్గినా, అది రేడియోలో పంపే బీప్ నిడివి మారేలా పెట్టారు. అది చెప్పగలిగిన కబుర్లు అంతే. మూడు వారాలకు బ్యాటరీలు అయిపోయాయి. ఫొటోలు తీసి కిందికి తేవడం ఎంత పనో 1960 ఆగస్టులో తెలిసింది: అమెరికా గూఢచారి ఉపగ్రహం డిస్కవరర్-14 వదిలిన ఫిల్మ్ డబ్బా పారాషూట్‌తో దిగుతుంటే అమెరికా విమానం కొక్కెంతో గాల్లోనే అందుకుంది.

జనం చూసిన మాట నిజం. కాకపోతే ఎక్కువమంది చూసింది బంతిని కాదు, దానితోపాటే కక్ష్యలో చేరిన రాకెట్ కోర్ దశని, అంటే మధ్య భాగాన్ని. దాని పొడవు సుమారు 26 మీటర్లు. బంతి మాత్రం మంచి చీకట్లో కూడా కంటికి ఆనీ ఆననట్టుండేది.

రాకెట్టే లేదన్నది శుద్ధ తప్పు. 1956 సెప్టెంబరు 20న అమెరికా సైన్యానికి రాకెట్లు కట్టే ఫాన్ బ్రౌన్ బృందం వదిలిన జూపిటర్-సి 1,097 కి.మీ. ఎత్తుకెళ్లింది. కక్ష్యలోకి తోయాల్సిన నాలుగో దశలో మాత్రం ఇంధనం పెట్టనివ్వలేదు, ఇసుక పోశారు. ఉపగ్రహం పని నౌకాదళపు వాన్‌గార్డ్ రాకెట్‌కి అప్పగించారు మరి. ఆ వాన్‌గార్డ్ 1957 డిసెంబరు 6న నాలుగడుగులు లేచి, పైకి తోసే బలం చాలక అక్కడే కూలి పేలింది. కిలోన్నర ఉపగ్రహం పక్కకి ఎగిరిపడి బీప్ కొడుతూనే ఉంది. అప్పుడు గానీ ఫాన్ బ్రౌన్‌కి వంతు రాలేదు: 1958 జనవరి 31న అదే జూపిటర్-సి, ఈసారి మండే నాలుగో దశతో, ఎక్స్‌ప్లోరర్-1ని కక్ష్యలో పెట్టింది.

బరువులెత్తడంలో మాత్రం సోవియట్లదే పైచేయి, ఆ మాట ఒప్పుకోవాలి. ఎక్స్‌ప్లోరర్ 14 కిలోలు. అదే ఏడాది మేలో వెళ్లిన స్పుత్నిక్-3 బరువు 1,327 కిలోలు. అణ్వాయుధం మోయడానికి కట్టిన ఆర్-7 కదా దాన్ని ఎత్తింది.