నా లైసెన్సు ఫారంలో మూడో గడి

పోయిన నెల తెలిసినవారింట్లో సత్యనారాయణ వ్రతానికి వెళ్ళినప్పుడు, భోజనాల దగ్గర మాట అమెరికాలో వృత్తి లైసెన్సులకు వలస కాగితాలు అడగడం మీదికి మళ్ళింది. "మనం సక్రమంగా వీసా మీద వచ్చినవాళ్ళం, కాగితాలు చూపించమంటే మనకెందుకమ్మా ఉలుకు? దొంగదారిన వచ్చినవాళ్ళు భయపడాలి గానీ" అన్నారు ఒక పెద్దాయన. ఆయన సాఫ్ట్‌వేర్ ఉద్యోగి. డ్రైవింగ్ లైసెన్సు తప్ప అమెరికాలో మరే లైసెన్సుతోనూ ఆయనకు పని పడలేదు. వ్రతం ఇంట్లో వాదన పెట్టుకోవడం ఇష్టం లేక నేను పులిహోర తింటూ ఊరుకున్నాను కానీ, ఆ మాట ఇంటికొచ్చాక కూడా నన్ను వదల్లేదు. అందుకే ఆయనకు చెప్పవలసిన సమాధానం ఇక్కడ రాస్తున్నాను.

నేను విజయవాడలో నాలుగున్నరేళ్ళ ఫిజియోథెరపీ డిగ్రీ (బీపీటీ) పూర్తిచేసి, అక్కడే ఒక ఆసుపత్రిలో మూడేళ్ళ పాటు పక్షవాతం వచ్చినవారిని మళ్ళీ నడిపించే పని చేసి, పెళ్ళయ్యాక, హెచ్-1బీ ఉద్యోగుల కుటుంబ సభ్యులకిచ్చే హెచ్-4 వీసా మీద అమెరికా వచ్చిన ఫిజియోథెరపిస్టును. ఇక్కడ రోగి మీద చెయ్యి వేయాలంటే రాష్ట్ర బోర్డు ఇచ్చిన లైసెన్సు ఉండాలి. దాని కోసం నా డిగ్రీని ఇక్కడి చదువుతో పోల్చి మదింపు చేయించుకున్నాను, ఇంగ్లీషు పరీక్ష రాశాను, తక్కువ పడ్డాయన్న సబ్జెక్టులు మళ్ళీ చదివాను. ఏడాదికి నాలుగుసార్లు మాత్రమే జరిగే జాతీయ పరీక్షలో, 800 వరకు ఉండే కొలమానం మీద 600 తెచ్చుకుంటేనే ఉత్తీర్ణత అంటే దానికీ తలవంచాను. వీటిలో ఒక్కదాని మీదా నాకు ఫిర్యాదు లేదు. ఆపరేషనైన మోకాలిని ఎంతవరకు వంచాలో తెలియనివారికి లైసెన్సు ఇవ్వకూడదు. నా ఫిర్యాదంతా దరఖాస్తుకు జతచేయమన్న ఒక పేజీ అఫిడవిట్ గురించి.

ఆ పేజీ మీద నోటరీ ముందు సంతకం చేయాలి. బ్యాంకులో నోటరీ బల్ల ముందు కూర్చుని చూస్తే అందులో మూడు గడులున్నాయి. నేను అమెరికా పౌరురాలిని అనేది మొదటిది, శాశ్వత నివాసిని అనేది రెండోది. నేను చట్టబద్ధంగా ఉన్న ఇతర విదేశీయురాలిని, నా ఏ-నంబరు ఇది, అనేది మూడోది. ఏ-నంబరు అంటే వలస శాఖ విదేశీయులకు ఇచ్చే నంబరు. ఈఏడీ, అంటే పని అనుమతి కార్డు, లేని హెచ్-4 భార్యకు అది సాధారణంగా ఉండదు. నా దగ్గర ఉన్నది దేశంలోకి అడుగుపెట్టినప్పుడు ఇచ్చిన ఐ-94 నంబరు, దానికి పదకొండు అక్షరాలు. ఫారంలో గీతలు తొమ్మిదే. నేను చట్టబద్ధంగా ఉన్నానని ప్రమాణం చేయడానికి సిద్ధంగా ఉన్నాను, పాస్‌పోర్టూ వీసా కాగితాలూ ఎదురుగా ఉన్నాయి, కానీ నా నిజం పట్టే చోటు ఆ కాగితం మీద లేదు. చివరికి గీతలు దాటించి చిన్న అక్షరాలతో ఐ-94 నంబరు రాసి పంపాను. పది రోజులకు బోర్డు నుంచి ఒక్క వాక్యం జవాబు వచ్చింది: దరఖాస్తు అసంపూర్ణం, ఏ-నంబరు లేదు, సోషల్ సెక్యూరిటీ నంబరు లేదు. ఆ రెండోది ఉండదు కూడా, ఎందుకంటే పనిచేసే అనుమతి లేని హెచ్-4 వారికి ఆ నంబరు ఇవ్వరు.

ఈ రెండు అడ్డంకులూ ఎక్కడి నుంచి వచ్చాయో వెతికితే, రెండింటి మూలమూ ఒకే చోట తేలింది. 1996 ఆగస్టు 22న క్లింటన్ సంతకం చేసిన సంక్షేమ సంస్కరణల చట్టం అది. పేదలకు ఇచ్చే సాయాన్ని కట్టడి చేయడానికి తెచ్చిన ఆ చట్టం, విదేశీయులలో ఎవరికి రాష్ట్రాల 'ప్రయోజనాలు' అందకూడదో చెబుతూ, ఆ ప్రయోజనాల జాబితాలో గ్రాంట్లు, రుణాలతో పాటు వృత్తి లైసెన్సును కూడా చేర్చింది. నేను ఫీజు కట్టి, పరీక్ష రాసి, నా అర్హతకు గుర్తుగా తెచ్చుకునే కాగితం ప్రభుత్వం నాకు పెట్టిన భిక్ష ఎలా అవుతుందో ఇప్పటికీ నాకు అర్థం కాదు. తమాషా ఏమిటంటే, నాన్-ఇమిగ్రెంట్, అంటే తాత్కాలిక, వీసా మీద ఉన్నవారు అర్హులేనని అదే చట్టం చెబుతోంది, అంటే హెచ్-4 మీద ఉన్న నాకు చట్టం అడ్డు చెప్పలేదు. ఆ చట్టాన్ని అమలు చేయడానికి తయారుచేసిన ఫారం అడ్డు చెప్పింది.

సోషల్ సెక్యూరిటీ నంబరు కథ ఇంకా విచిత్రం. లైసెన్సు దరఖాస్తులలో ఆ నంబరు నమోదు చేయాలన్న నిబంధన పెట్టింది పిల్లల పోషణ ఖర్చు ఎగ్గొట్టే తల్లిదండ్రులను పట్టుకోవడానికి. అప్పటికి పిల్లలే లేని నన్ను ఆ గడి మూడేళ్ళు ఇంట్లో కూర్చోబెట్టింది. ఇలాగే జరిగి తీరాలని లేదు. కాలిఫోర్నియా 2014లో చట్టం చేసి, ఆ నంబరు లేనివారి నుంచి పన్నుల కోసం ఇచ్చే ఐటిన్ నంబరును తీసుకోవాలనీ, వలస స్థితిని కారణంగా చూపి లైసెన్సు నిరాకరించకూడదనీ తన బోర్డులకు చెప్పింది. రాష్ట్రాలు తమ సొంత చట్టంతో మినహాయింపు ఇచ్చుకోవచ్చునని 1996 చట్టంలోనే ఒక కిటికీ ఉంది. ఆ కిటికీ తెరవని రాష్ట్రంలో ఇల్లు తీసుకోవడమే మేము చేసిన తప్పు.

ఆ కిటికీ గుండానే సెర్జియో గార్సియా న్యాయవాది అయ్యారు. పసిబిడ్డగా మెక్సికో నుంచి కాగితాలు లేకుండా కాలిఫోర్నియాకు వచ్చిన ఆయన, 1995లో ఆమోదం పొందిన వీసా పిటిషన్‌తో దశాబ్దాల క్యూలో నిలబడి, బార్ పరీక్ష గట్టెక్కి కూడా లైసెన్సు లేక ఆగిపోతే, రాష్ట్ర శాసనసభ 2013లో చట్టం చేసింది. ఆ చట్టం ఆధారంగా 2014 జనవరిలో రాష్ట్ర సుప్రీంకోర్టు ఆయనను చేర్చుకోమంది. ఆయన పేరు ఎత్తగానే మనవాళ్ళు కొందరు ముఖం తిప్పుకుంటారని తెలుసు. గ్రీన్ కార్డు క్యూ గురించి మనకు కొత్తగా ఎవరూ చెప్పనక్కర్లేదు కదా, ఆ క్యూలో నిలబడ్డ మనిషినైనా మనం గుర్తుపట్టాలి. 1973లోనే అమెరికా సుప్రీంకోర్టు, కనెటికట్‌లో ఉంటున్న ఒక డచ్చి మహిళ కేసులో, పౌరసత్వం లేదన్న కారణంతో న్యాయవాద వృత్తిలోకి రానివ్వకపోవడం చెల్లదని తీర్పు చెప్పింది. ఇరవై మూడేళ్ళ తర్వాత అదే ప్రశ్న సంక్షేమ చట్టం వేషంలో వేరే గుమ్మం గుండా లోపలికి వచ్చింది.

లైసెన్సు వేరు, పనిచేసే అనుమతి వేరు. ఈ మాట దగ్గరే నేను పట్టుబడతాను. ఈ మనిషికి వైద్యం వచ్చా రాదా అన్నది బోర్డు చూడాలి. ఈ మనిషిని ఉద్యోగంలో పెట్టుకోవచ్చా లేదా అన్నది ఉద్యోగమిచ్చేవారు చూస్తారు, దానికి 1986 నుంచీ ఐ-9 ఫారం ఉంది. లైసెన్సు చేతిలో ఉన్నా పని అనుమతి లేని మనిషి ఉద్యోగం చేయలేదు, కాబట్టి బోర్డు దగ్గర జరిగే రెండో తనిఖీ ఎవరినీ కొత్తగా ఆపడం లేదు. అది చేస్తున్నదల్లా, అనుమతి వచ్చిన రోజున పనిలో చేరడానికి సిద్ధంగా ఉండవలసిన మనిషిని, ఆ రోజు నుంచే క్యూ మొదలుపెట్టమని చెప్పడం. నా విషయంలో సరిగ్గా అదే జరిగింది.

మా ఆయన గ్రీన్ కార్డు కోసం కంపెనీ వేసిన ఐ-140 పిటిషన్ ఆమోదమయ్యాక, అలాంటివారి హెచ్-4 భాగస్వాములకు పని అనుమతినిచ్చే 2015 నాటి నిబంధన పుణ్యమా అని నాకు ఈఏడీ వచ్చింది, దానితో ఏ-నంబరూ సోషల్ సెక్యూరిటీ నంబరూ వచ్చాయి. ఇక పని అయినట్టే అనుకున్నాను. అప్పుడు నా పేరు అడ్డం వచ్చింది. మా నాన్నగారు నా మొదటి పాస్‌పోర్టు దరఖాస్తులో ఇంటిపేరు గడి ఖాళీ వదిలేసి, ఇంటిపేరుతో సహా మొత్తం పేరును రెండో గడిలో రాశారు. మనకు ఇంటిపేరు ముందు వస్తుంది కాబట్టి ఆయన దృష్టిలో అది తప్పే కాదు. వీసా ముద్రించేవారు మాత్రం ఆ మొత్తాన్నీ ఇంటిపేరుగా మార్చి, అసలు పేరు దగ్గర 'ఎఫ్‌ఎన్‌యూ' అని పెట్టారు, అంటే పేరు తెలియదని అర్థం. క్లినిక్‌లలో నన్ను 'ఫ్నూ' అని పిలిస్తే లేచి వెళ్ళడం అలవాటైపోయింది. డిగ్రీ మీద ఒక పేరు, ఈఏడీ మీద ఒక పేరు. బోర్డు నా వివరాలను సేవ్ అనే కేంద్ర ప్రభుత్వ వ్యవస్థలో సరిచూస్తే మొదటి దశలో కుదరలేదు, మనుషులు కూర్చుని చూసే తర్వాతి దశకు పంపారు. తొమ్మిది వారాలు పట్టింది. నాకు ఉద్యోగం ఇస్తామన్న క్లినిక్ ఆరో వారంలో వేరొకరిని తీసుకుంది.

ఫోనులో ఇదంతా విని మా అమ్మ, "చదువు వచ్చా అని అడగాలి గానీ నువ్వెవరు అని ఇన్నిసార్లు అడుగుతారేంటే?" అంది. మన దేశం అడగదనుకుందేమో పాపం. మన న్యాయవాదుల చట్టం, 1961లోని 24వ సెక్షన్, బార్ కౌన్సిల్‌లో పేరు నమోదుకు భారత పౌరసత్వమే మొదటి అర్హతగా పెట్టింది, మనవారిని తమ కోర్టులలోకి రానిచ్చే దేశాల వారికి మాత్రమే మినహాయింపు ఇచ్చింది. ఆ మాట అమ్మకు చెబితే ఆ రోజు ఫోను తొందరగా పెట్టేసింది.

ఇక్కడే పుట్టి పెరిగినవారు కూడా ఈ కాగితాల జాతర నుంచి తప్పించుకోలేదు. జార్జియా 2011లో చేసిన చట్టం వల్ల, 2012 నుంచి లైసెన్సు రెన్యువల్‌కు వచ్చిన ప్రతివారూ గుర్తింపు పత్రం పంపవలసి వచ్చింది. దానితో దరఖాస్తులు గుట్టపడి, ఏళ్ళ తరబడి పనిచేస్తున్న నర్సుల లైసెన్సులు కూడా ఆలస్యమయ్యాయి. ఒకసారి చూపినవారు మళ్ళీ మళ్ళీ చూపనక్కర్లేదని 2013లో సవరించుకోవలసి వచ్చింది.

కాబట్టి పెద్దాయన గారికి నా జవాబు ఇది. మీరన్న సక్రమమైన దారిలోనే వచ్చాను, అడిగిన ప్రతి కాగితమూ చూపించాను, అయినా నాలుగేళ్ళు పోయాయి. నా లైసెన్సు రెన్యువల్ వచ్చే వేసవిలో ఉంది, నా ఈఏడీ గడువు అంతకు నెల ముందే ముగుస్తుంది. దరఖాస్తు పెండింగులో ఉండగా పాత ఈఏడీ దానంతటదే పొడిగించబడే సదుపాయాన్ని, 2025 అక్టోబరు 30 నుంచి వేసే దరఖాస్తులకు తీసేశారు. కార్డు రావడం ఆలస్యమైతే పని ఆపేస్తాను, అది చట్టం. కానీ కార్డు లేకపోయినా నేను హెచ్-4 మీద ఉన్నదాన్నే, లైసెన్సు నిలబెట్టుకునే అర్హత చట్టప్రకారం నాకు ఉంటుంది. గడువు దాటిన కార్డును మూడో గడిలో రాస్తే ఒప్పుకుంటారా, లేక ఐ-94 నంబరుకు చోటు ఇస్తారా అని బోర్డుకు పోయిన సోమవారం ఉత్తరం రాశాను. ఈసారి గీతలు లెక్కపెట్టి, తొమ్మిది కాదు పదకొండు కావాలని కూడా రాశాను.