వెల్ల వేసిన సౌందర్యశాస్త్రం

మా అపార్ట్‌మెంటు ఆవరణలో ఒక ఫౌంటెను, దాని మధ్యలో ఒక గ్రీకు దేవత ఉన్నారు. ఫైబరుతో పోత పోసిన ఆ దేవత పేరు బిల్డరుకు తెలియదు. బ్రోచరులో మాత్రం ‘క్లాసికల్’ అని ఉంది. నాలుగు వానాకాలాలు గడిచేసరికి ఆవిడ ఒంటికి పాచి పట్టింది కనుక, మళ్ళీ రంగు వేయించే విషయం తేల్చడానికి గత నెల సంఘం సమావేశమైంది. ఎలాగూ డబ్బు ఖర్చు పెడుతున్నాం కదా, ఆవిడ బట్టలకు నీలం, జుట్టుకు గోధుమరంగు వేయిస్తే బాగుంటుందేమోనని మూడో అంతస్తు అమ్మాయి ఒకతె అన్నది. సభ ఘొల్లుమన్నది. “గుడి గోపురంలా ఉంటుందమ్మా!” అని అధ్యక్షులవారు వాత్సల్యంతో మందలించి, నాలుగు లీటర్ల తెల్ల ఎనామిల్‌కు తీర్మానం చేయించారు.

అధ్యక్షులవారు ఎన్నడూ చదివి ఉండరు గానీ, ఆ ఒక్క మాటలో రెండున్నర శతాబ్దాల యూరోపియన్ సౌందర్యశాస్త్రాన్ని అప్పజెప్పారు. గ్రీకు శిల్పానికి తెలుపే అందం, రంగు మోటు అనేదే ఆ శాస్త్రం. చదవకుండానే వంటబట్టే శాస్త్రాలు లోకంలో చాలా తక్కువ. కనుక దీన్ని గౌరవంగా పరిశీలించడం మన విధి.

ఈ తెలుపు మతానికి మూలపురుషుడు యోహాన్ వింకెల్‌మన్. జర్మనీలో చెప్పులు కుట్టే ఇంట పుట్టి, కేవలం విద్యతో రోము దాకా ఎదిగి, పోపుగారి పురావస్తువులకు అధికారి అయిన ఆ మనిషి కష్టాన్ని నేను తక్కువ చేయను. ఆయన 1755లో గ్రీకు కళ సారాన్ని ‘ఉదాత్తమైన నిరాడంబరత, ప్రశాంతమైన గాంభీర్యం’ అని సూత్రీకరించాడు. 1764లో వెలువరించిన ప్రాచీన కళా చరిత్రలో, అందమైన శరీరం ఎంత తెల్లగా ఉంటే అంత అందంగా ఉంటుందని కూడా నిర్ణయించాడు. ఇంత నిర్ణయించినవాడు గ్రీసు గడ్డ మీద ఒక్కసారైనా కాలు పెట్టలేదు. ఆయన పూనకం వచ్చినట్టు వర్ణించిన అపోలో బెల్వెడేరె విగ్రహం, ఒక గ్రీకు కంచు విగ్రహానికి రోమన్ల కాలంలో పాలరాతిలో చెక్కిన నకలని ఇప్పటి పండితులు చాలామంది అంటారు. పెళ్ళికూతురి ఫొటోకు తీసిన జిరాక్సు కాగితం చూసి ఆమె మేనిఛాయ మీద కావ్యం రాసినట్టుంది కదా. 1760లో పాంపేలో రంగులు ఇంకా అంటుకుని ఉన్న ఆర్టెమిస్ విగ్రహం దొరికితే, దాన్ని గ్రీకులది కాదని, ప్రాచీన ఇటలీ జనమైన ఎట్రుస్కన్ల ఖాతాలో రాసేశాడు. కారణం ఏదైనా, ఖాతా మాత్రం శుభ్రంగా ఉండిపోయింది.

ఈ శాస్త్రంలో ఉన్న పరిశోధనా పద్ధతిని విద్యార్థులు ప్రత్యేకంగా గమనించాలి. గ్రీకులు విగ్రహాలకు వేసిన రంగులను రెండువేల ఏళ్ళు వాన కడిగింది, మట్టి తిన్నది, తవ్వి తీసినవారు తోమారు. ఈ ముగ్గురి శ్రమకు కలిగిన ఫలితాన్ని శిల్పి మనసులోని ఉద్దేశంగా స్వీకరించాలి. ఇదే పద్ధతిని వంటకు వర్తింపజేస్తే, పెళ్ళి భోజనాలయ్యాక కడిగి బోర్లించిన గుండిగను పరీక్షించి, తెలుగువారి వంటలో ఉప్పు, కారం, నూనె ఉండవనీ, ఆ నిరాడంబరతే దాని ఆత్మ అనీ రెండు సంపుటాల గ్రంథం నిస్సంకోచంగా రాయవచ్చు. అడుగున మాడిన ముక్క ఏదైనా అంటుకుని కనిపిస్తే అది పొరుగు రాష్ట్రం వారిదని పాదసూచిక వేస్తే సరిపోతుంది.

తన ఊరు కోనిగ్స్‌బర్గ్ పరిసరాలు దాటి ఎరుగని జర్మన్ తత్వవేత్త కాంట్ మహాశయుడు 1790లో ఈ కట్టడానికి తాత్విక పునాది పోశాడు. చిత్రలేఖనంలోనైనా, శిల్పంలోనైనా అసలు విషయం రేఖే. రంగు కంటికి కలిగించే ఆకర్షణ మాత్రమే, అందానికి అది ఆధారం కాదు. మరో ఇరవై ఏళ్ళకు, 1810లో, రంగుల మీదే ఒక బృహద్గ్రంథం రాసిన జర్మన్ కవి గోథే, అడవి జాతులకూ, చదువులేని జనానికీ, పిల్లలకూ గాఢమైన రంగులంటే మోజనీ, సంస్కారవంతులు తమ బట్టల్లోనూ పరిసరాల్లోనూ వాటికి దూరంగా ఉంటారనీ తెలియజేశాడు. మా అధ్యక్షులవారి వాత్సల్యం ఏ వంశానిదో పాఠకులకు ఈపాటికి అర్థమయ్యే ఉంటుంది.

ఇంతటి శాస్త్రానికి ఒకే ఒక్క చిన్న అడ్డంకి వచ్చింది. అది గ్రీకులు. ప్లేటో తన ‘రిపబ్లిక్’ నాలుగో భాగంలో, ఏదో పెద్ద తర్కం మధ్యలో, అందరికీ తెలిసిన విషయంగా ఒక ఉపమానం వేస్తాడు: మేము విగ్రహానికి రంగులు వేస్తుండగా ఎవరో వచ్చి, అన్నింటికంటే అందమైన అవయవమైన కళ్ళకు అన్నింటికంటే అందమైన ఊదారంగు వేయకుండా నలుపు వేశారేమిటని తప్పుపడితే, కళ్ళు కళ్ళలా కనబడకుండా పోయేంత అందం మాకు అక్కర్లేదని జవాబు చెబుతాం అంటాడు. ప్రాక్సిటెలీస్‌ను ఆయన శిల్పాల్లో ఆయనకే ఎక్కువ నచ్చినవి ఏవని అడిగితే, చిత్రకారుడు నికియాస్ చెయ్యి పడినవి అన్నాడని రోమన్ రచయిత ప్లినీ రాశాడు. వింకెల్‌మన్‌కు గానీ ఆయన శిష్యకోటికి గానీ ఈ పుస్తకాలు దొరకలేదని ఎవరూ అనలేరు. వాళ్ళు ప్లేటోతో పొద్దున లేచి ప్లినీతో పడుకున్నవాళ్ళు. 1886లో ఏథెన్స్‌లోని అక్రోపోలిస్ కొండ మీది గుంటల్లోంచి ఎరుపు, నీలం, ఆకుపచ్చ చెక్కుచెదరని కన్యల విగ్రహాలు బయటపడ్డాయి. అయినా పట్టిన కుందేటికి మూడే కాళ్ళు.

ఇక నాకు అత్యంత ప్రియమైన ఘట్టానికి వస్తాను. పార్థినాన్ ఆలయం నుంచి ఎల్గిన్ ప్రభువు ఊడబెరికి తెచ్చిన శిల్పాలను బ్రిటిష్ ప్రభుత్వం 1816లో 35,000 పౌండ్లకు కొని బ్రిటిష్ మ్యూజియంలో పెట్టింది. పెంటెలికాన్ కొండ పాలరాయిలో ఇనుము పాలు ఉంటుంది కనుక కాలం గడిచేకొద్దీ అది తేనెరంగుకు తిరుగుతుంది. పైగా లండన్ పొగ. 1930లలో ఈ శిల్పాల కోసం కొత్త మందిరం కట్టించడానికి డబ్బిచ్చిన కళావ్యాపారి డువీన్ ప్రభువుకు ఆ రంగు నచ్చలేదు. డబ్బిచ్చినవాడికి నచ్చనిది శాస్త్రానికి కూడా నచ్చకూడదు. 1937 నుంచి ఆయన కోరిక మీద పనివాళ్ళు రాగి ఉలులు, కార్బొరండం అనే గరుకురాయి పట్టుకుని, ఆ ఆలయ శిల్పి ఫిడియాస్ కాలపు రాతిపొరను గీకడం మొదలుపెట్టారు. మ్యూజియం గోడ లోపల, మ్యూజియం అధికారుల ముక్కు కింద, నెలల తరబడి గీకారు. 1938 సెప్టెంబరులో డైరెక్టరు అటు నడిచి వెళ్తూ బల్ల మీద పడి ఉన్న రాగి పనిముట్లు చూసేదాకా ఆ గరగర శబ్దం ఎవరి చెవినా పడలేదని మనం నమ్మాలి. చంద్రుని రథం రాత్రంతా లాగి డస్సిపోయి, నోరు తెరిచి, దవడ వేలాడేసిన గుర్రం తల ఒకటుంది చూడండి, ఆ తలను కూడా గీకారు. రోజుకూలికి వింకెల్‌మన్‌ను అమలు చేస్తున్న ఆ మేస్త్రీని నేను తరచుగా ఊహించుకుంటాను. దొరగారు తెల్లగా కావాలన్నారు, తెల్లగా చేస్తున్నాడు; పాపం, అతని మీద నాకు ఏ కోపమూ లేదు. సిద్ధాంతానికీ రాయికీ పొంతన కుదరనప్పుడు సిద్ధాంతాన్ని గీకాలని అతనికి ఎవరు చెప్పారు?

ఇక్కడిదాకా నవ్వుతూ రాశాను. ఇక నవ్వు రావడం లేదు. ఈ శిల్పాలను గ్రీసులో వదిలితే పాడవుతాయని, వాటిని కాపాడే యోగ్యత మాకే ఉందని చెప్పుకున్న చోటే ఈ పని జరిగింది. జరిగాక, ఏదో కొంత అనధికారిక శుభ్రత జరిగిందన్న పొడి మాటతో 1939లో సరిపెట్టారు. గ్రీకుల రంగును గీకేసిన ఆ తెలుపునే మళ్ళీ నిచ్చెన చేసి, మిగతా లోకాన్ని దాని మీద ఎవరు ఏ మెట్టున కూర్చోవాలో లెక్కగట్టారు. 1910లో లండన్ రాయల్ సొసైటీ ఆఫ్ ఆర్ట్స్ సభలో జార్జ్ బర్డ్‌వుడ్ అనే పెద్దమనిషి జావా బుద్ధుడి విగ్రహం ఫొటోను చూపించి, ఆత్మశాంతికి ప్రతీకగా ఉడకబెట్టిన కొవ్వు పుడ్డింగు కూడా ఇంతే బాగా పనికొస్తుందని సెలవిచ్చాడు. వాన రంగు కడిగేసిన రాయిలో ప్రశాంత గాంభీర్యం కనబడ్డ కంటికే, ధ్యానంలో కూర్చున్న బుద్ధుడి ముఖంలో పుడ్డింగు కనబడింది. దీన్ని అభిరుచి అన్నారు. విశ్వవిద్యాలయాల్లో పీఠాలు వేసి పాఠం చెప్పారు. మన ఊరి స్థపతి మనవడు తన తాత వేసిన గోపురం రంగులను చూసి సిగ్గుపడేదాకా చెప్పారు.

2003లో మ్యూనిక్‌లో, పరిశోధించి రంగులు వేసిన ప్రాచీన విగ్రహాల నకళ్ళను ప్రదర్శనకు పెట్టారు. ఏజీనా ద్వీపపు విలుకాడు ఒంటినిండా గళ్ళు గళ్ళుగా, పసుపు, ఎరుపు, నీలం, ఆకుపచ్చలతో మోకాలి మీద కూర్చుని బాణం సంధించాడు. రంగులు మరీ మొద్దుగా పడ్డాయన్న విమర్శలో న్యాయం ఉండవచ్చు. పైపొరల నీడలు, పూత మెరుపు మనకు మిగలలేదు. అయితే చాలామందికి కడుపులో దేవింది మొద్దుతనాన్ని చూసి కాదు, రంగును చూసే. 2009లో బ్రిటిష్ మ్యూజియంలోనే, పరారుణ కాంతికి స్పందించే కెమెరా పెట్టి చూస్తే పార్థినాన్ శిల్పాల్లోని ఐరిస్ దేవత నడికట్టులో ఈజిప్షియన్ నీలం మిణుకుమంది. అంత గీకాక కూడా.

మా ఫౌంటెను పని మొన్న ఆదివారం పూర్తయింది. పెయింటరు కిందికి దిగి, రెండడుగులు వెనక్కి వేసి, తల పక్కకు వంచి కాసేపు చూశాడు. “సార్, డబ్బాలో కాస్త నల్లరంగు మిగిలింది, కళ్ళు దిద్దమంటారా? గుడ్డిదానిలా ఉంది,” అన్నాడు. అధ్యక్షులవారు వద్దన్నారు.